బెల్లం కారం శెనక్కాయ విత్తనాలు: కొనాలా, ఇంట్లో చేసుకోవాలా?

అనంతపురం బేకరీల్లో దొరికే బెల్లం కారం శెనక్కాయ విత్తనాల ప్యాకెట్‌లో గింజకు వంక పెట్టడానికి లేదు. పేచీ అంతా పాకంతోనే. సీలు తీసిన మర్నాటికే చేతికి అంటుకుంటుంది. పాకం ముదరకముందే దించేశారన్నమాట. కారం కూడా కాస్త చేదెక్కింది, మరిగే పాకంలో వేస్తే మాడక ఏమవుతుంది?

ఇంట్లో చేస్తే ఈ రెండూ తప్పుతాయి. కదిరి 6 అనే వేరుశెనగ రకం లాంటి చిన్న గింజ పావుకిలో తీసుకుని, సన్నమంటపై చిటపటలాడేదాకా వేయించి, పొట్టు తీయాలి. పచ్చి మిగిలితే పాకం కింద మెత్తగా తగులుతుంది. నూరు గ్రాముల బెల్లం రెండు చెంచాల నీళ్లలో కరిగించి వడగట్టాలి, లేకుంటే ఇసుక పంటికి తగులుతుంది. మళ్లీ పొయ్యిమీద పెట్టి ముదురు పాకం పట్టాలి. చన్నీళ్లలో వేసిన చుక్క సాగకుండా పుటుక్కున విరగాలి. ఉండపాకం దగ్గరే ఆపితే అది పప్పుండలకు పనికొస్తుంది, దీనికి కాదు.

పొయ్యి ఆపాకే చెంచా నెయ్యి, చెంచా కారం, అరచెంచా ఉప్పు. వెంటనే గింజలు పోసి గబగబా కలిపి, నెయ్యి రాసిన పళ్లెంలో విడివిడిగా పరవాలి. ఆలస్యమైతే ముద్ద కడుతుంది. పూర్తిగా చల్లారాకే డబ్బాకెత్తాలి, వేడిమీద మూతపెడితే ఆవిరికి చెమ్మగిల్లుతుంది.

ప్యాకెట్‌కు అయిదుకు రెండున్నర మార్కులు. అందులో రెండు గింజకే.