బొచ్చు రాలే కాలంలో కుక్కకు ఏది మేలు: దువ్వడమా, గొరిగించడమా?

ఎండలు మొదలవగానే ఒత్తు బొచ్చు కుక్కను చూస్తే పాపం ఉడికిపోతోందేమో అనిపిస్తుంది. వెంటనే గొరిగించేయాలనీ అనిపిస్తుంది. ఆ ప్రేమ నిజమే కానీ జర్మన్ షెపర్డ్, హస్కీ, గోల్డెన్ రిట్రీవర్, పొమేరేనియన్ లాంటి వాటికి దానివల్ల కీడే ఎక్కువ.

వీపు మీద బొచ్చును పాయ తీసి చూడండి. పైన బిరుసైన పొడుగు వెంట్రుకలు, అడుగున దూదిలాంటి మెత్తటి పొర కనిపిస్తాయి. పగటి వెలుతురు పెరిగినా తగ్గినా ఎక్కువగా రాలేది ఈ దూదే. రాలినదంతా బయటికి రాక లోపలే ఇరుక్కుంటే చర్మానికి గాలి ఆడదు. గొరిగితే దూదితో పాటు ఎండను ఆపే పై వెంట్రుకలూ పోతాయి. పోనీ చెమట పట్టి చల్లబడుతుందా అంటే, కుక్క ఒంటిని చల్లబరచుకునేది ముఖ్యంగా రొప్పడం వల్లే. పైగా దూది ముందు పెరిగి, బిరుసు వెంట్రుక వెనకబడుతుంది. కొన్నిటికి నెలల తరబడి అక్కడక్కడా బట్టతలలా మిగిలిపోతుంది.

కాబట్టి ఈ జాతులకు దువ్వడమే మేలు. దేనితో అన్నది తర్వాతి మాట. దూదిని లాగడానికి అండర్‌కోట్ రేక్‌ను (ఎడంగా పొడుగు పళ్లుండే దువ్వెన) మించింది లేదు. స్లిక్కర్ బ్రష్ పైపైన చిక్కులు తీయడానికి బాగుంటుంది, కానీ గట్టిగా నొక్కితే సన్నటి తీగలు చర్మాన్ని గీరి ఎర్రబరుస్తాయి. ముందు మీ ముంజేతి మీద గీసి చూసుకోండి, మీకు మంటగా ఉంటే దానికీ మంటే. బ్లేడున్న డీషెడ్డింగ్ పరికరం కుప్పలుగా బొచ్చు తీస్తుంది కనుక చాలామందికి ముద్దు. ఒకేచోట పదేపదే లాగితే మంచి వెంట్రుకలనూ తెంపేస్తుంది. వాడాలనుకుంటే వారానికోసారి, పది నిమిషాలు దాటకుండా వాడండి. లాబ్రడార్ లాంటి పొట్టి బొచ్చుకు రబ్బరు బ్రష్ చాలు.

పద్ధతి ఇది: వెనక కాలి కింది భాగం నుంచి మొదలుపెట్టండి. ఎడమ చేత్తో బొచ్చును పైకెత్తి పట్టుకుని, చర్మం గీతలా కనబడేలా పాయ తీసి, ఆ గీత కింద ఉన్నదాన్ని కొంచెం కొంచెంగా దువ్వుతూ పైకి రండి. చివర్లో స్టీలు దువ్వెన కుదురు నుంచి కొస దాకా ఎక్కడా తట్టుకోకుండా జారాలి. చెవుల వెనక, చంకల్లో, తొడల వెనక, బెల్టు కింద తప్పక చూడాలి, జడలు కట్టేది అక్కడే. స్నానం ముందా, దువ్వడం ముందా అంటే దువ్వడమే ముందు. తడిస్తే జడ మరింత బిగుసుకుంటుంది.

షీ జూ, పూడిల్, మాల్టీస్‌ల లెక్క వేరు. వాటి వెంట్రుక పెరుగుతూనే ఉంటుంది కాబట్టి నాలుగు నుంచి ఆరు వారాలకోసారి కత్తిరించడమే సరైనది. అయినా చర్మం కనబడేదాకా గొరగొద్దు, ఎండకు కాలుతుంది. క్లిప్పర్ (బొచ్చు గొరిగే మిషన్) బ్లేడు వేడెక్కుతుంది కనుక కొన్ని నిమిషాలకోసారి మణికట్టుకు ఆనించి చూడండి.

ఏ జాతికైనా జడ దువ్వెనకు లొంగనంత గట్టిపడితే క్లిప్పర్‌తో తీయించడమే దయ. కత్తెర మాత్రం పెట్టొద్దు. జడతో పాటు చర్మం కూడా పైకి లేచి ఉంటుంది, ఏది బొచ్చో ఏది చర్మమో తెలియక గాయమవుతుంది.