బదిలీ ఉత్తర్వు వచ్చాక వినతిపత్రమా, స్టేనా, చేరి పోరాడటమా: ఏది మేలు?

బదిలీ ఉత్తర్వు చేతికందిన ప్రభుత్వోద్యోగికి సాధారణంగా మూడు దారులు కనిపిస్తాయి. ఉన్నచోటే ఉండి పై అధికారికి వినతిపత్రం పెట్టి జవాబు కోసం ఎదురుచూడటం ఒకటి, ఉన్న పోస్టు నుంచి రిలీవ్ (విడుదల) కాకముందే స్టే, అంటే ఉత్తర్వు అమలుపై తాత్కాలిక నిలుపుదల, కోసం న్యాయస్థానానికి వెళ్లడం రెండోది, కొత్త చోట చేరి అక్కడి నుంచే పోరాడటం మూడోది. వీటిలో తేలిగ్గా తోచేది మొదటిది. అన్నిటికన్నా ప్రమాదకరమైనదీ అదే.

వినతిపత్రం పరిశీలనలో ఉన్నంతకాలం బదిలీ ఆగి ఉంటుందన్న నమ్మకానికి చట్టంలో ఆధారం లేదు. గుజరాత్ విద్యుత్ బోర్డు ఉద్యోగి ఒకరు సూరత్ నుంచి ఉకాయికి బదిలీ అయి, కొత్త చోట చేరకుండా వినతిపత్రాన్నే నమ్ముకుని చివరికి ఉద్యోగం పోగొట్టుకున్నారు. 1989లో సుప్రీంకోర్టు ఆ తొలగింపును సమర్థిస్తూ, ఉత్తర్వు రద్దు కానంతవరకు, నిలిచిపోనంతవరకు ఉద్యోగి వెళ్లి చేరవలసిందేనని తేల్చింది. ముందు విధుల్లో చేరి తర్వాత మొర పెట్టుకోవాలని 2006లో ఎస్.సి. సక్సేనా కేసులోనూ అదే మాట చెప్పింది. ఇంత స్పష్టంగా తీర్పులున్నా, మెడికల్ సెలవు పెట్టి ఇంట్లో కూర్చోమని సలహా ఇచ్చే సహోద్యోగులు ప్రతి కార్యాలయంలోనూ ఉండటం బాధ కలిగిస్తుంది. ఆ సలహా విన్నవారికి మిగిలేది గైర్హాజరు, జీతం కోత, ఆపైన క్రమశిక్షణ చర్యకు నాంది పలికే ఛార్జి మెమో.

ఇక స్టే సంగతి. కేంద్ర ఉద్యోగులైతే ఉద్యోగ వివాదాలు తేల్చే కేంద్ర పరిపాలనా ట్రైబ్యునల్ హైదరాబాద్ బెంచికి వెళ్లాలి, అక్కడ కాదన్నదాన్ని 1997 నాటి ఎల్. చంద్రకుమార్ తీర్పు ప్రకారం హైకోర్టు డివిజన్ బెంచి ముందు సవాలు చేయవచ్చు. ఉభయ తెలుగు రాష్ట్రాల్లోనూ రాష్ట్ర పరిపాలనా ట్రైబ్యునల్ రద్దయినందున రాష్ట్ర ఉద్యోగులు రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద నేరుగా హైకోర్టునే ఆశ్రయిస్తున్నారు. అయితే గడప ఎక్కడం సులువే కానీ స్టే దొరకడం కష్టం. బదిలీ ఉద్యోగంలో భాగమేనని, చట్టబద్ధ నియమాన్ని ఉల్లంఘిస్తే తప్ప, దురుద్దేశం రుజువైతే తప్ప న్యాయస్థానాలు జోక్యం చేసుకోరాదని 1991లో శిల్పీ బోస్ కేసులో సుప్రీంకోర్టు అన్నది. భార్యాభర్తలను ఒకేచోట ఉంచాలన్న మార్గదర్శకాలు కూడా అమలుకు పట్టుబట్టగల హక్కును ఇవ్వవని 1993లో అబ్బాస్ కేసు తేల్చింది. పిల్లల చదువు, తల్లిదండ్రుల అనారోగ్యం నిజమైన కష్టాలే అయినా, వాటితోనే స్టే వస్తుందని ఆశ పెట్టుకోకూడదు.

మరి రెండో దారి ఎవరికి? బదిలీ ముసుగులో శిక్ష పడినవారికి. ఆకాశరామన్న ఫిర్యాదుపై విచారణ జరిగి ఆరోపణ రుజువు కాకపోయినా ఉద్యోగిని బదిలీ చేసిన ఉత్తర్వును 2009లో సోమేశ్ తివారీ కేసులో సుప్రీంకోర్టు కొట్టివేసింది. బ్యాంకు శాఖలో అక్రమాలను బయటపెట్టిన మహిళా అధికారిని దూరానికి పంపిన పంజాబ్ అండ్ సింధ్ బ్యాంకు కేసులో 2020లో ఆమె పక్షానే నిలిచింది. ఈ రెండింటిలోనూ గెలిపించింది కాగితాలే: ఫిర్యాదు, దానిపై నివేదిక, బదిలీ, వాటి తేదీల వరుస. కక్షతో చేశారని వాదించేవారు అలా బదిలీ చేసిన అధికారిని పేరుతో సహా ప్రతివాదిగా చేర్చాలి, లేకపోతే ఆరోపణ నిలవదు. పైగా రిలీవింగ్ ఉత్తర్వు అందుకుని, ఛార్జి అప్పగించి, మీ కుర్చీలోకి మరొకరు వచ్చాక స్టేకు మిగిలేది అంతంత మాత్రమే కనుక ఈ దారి ఎంచుకునేవారు రోజులు కాదు, గంటలు లెక్కపెట్టుకోవాలి.

అలాంటి ఆధారాలు లేని చాలామందికి మూడోదే మేలని నా గట్టి అభిప్రాయం. జాయినింగ్ రిపోర్టులోనే "బదిలీపై నా అభ్యంతరాలకు, హక్కులకు భంగం లేకుండా చేరుతున్నాను" అని ఒక వాక్యం రాయండి. ఉత్తర్వులో బదిలీ పరిపాలనా కారణాలతో అని ఉందో, సొంత విన్నపంపై అని ఉందో తప్పక చూసుకోండి, ఎందుకంటే బదిలీ భత్యం, జాయినింగ్ గడువు దానిమీదే ఆధారపడతాయి. కేంద్ర ఉద్యోగులకు ఊరు మారితే ఆ గడువు వెయ్యి కిలోమీటర్ల లోపు దూరానికి 10 రోజులు.

ఆ తర్వాత పెట్టే వినతిపత్రానికి బలం వేరు. స్టేకు చాలని కుటుంబ కష్టాలు ఇక్కడ పనికొస్తాయి. బదిలీ విధానం రూపొందించేటప్పుడు కుటుంబ జీవితాన్ని రాజ్యం పట్టించుకోవాలని 2022లో ఎస్.కె. నౌషాద్ రెహమాన్ కేసులో సుప్రీంకోర్టు చేసిన వ్యాఖ్యను అందులో ఉదహరించవచ్చు. వైద్య ధ్రువపత్రాలు, ఖాళీగా ఉన్న పోస్టుల వివరాలు జతచేసి ప్రాపర్ ఛానల్‌లో, అంటే మీ పై అధికారి ద్వారా, పంపి, అందినట్టు రసీదు తీసుకోండి. సమాధానం రాకపోతే, ఫలానా గడువులోగా కారణాలతో కూడిన ఉత్తర్వు ఇవ్వాలని ఆదేశించమంటూ అప్పుడు హైకోర్టుకు గానీ ట్రైబ్యునల్‌కు గానీ వెళ్లవచ్చు. బదిలీనే రద్దు చేయమన్న ప్రార్థన కన్నా న్యాయస్థానాలు దీన్ని సులభంగా మన్నిస్తాయి. అప్పటికి మీరు విధుల్లో ఉంటారు కనుక జీతమూ ఆగదు, గైర్హాజరన్న నిందా రాదు.