డేవిడ్ హోరోవిట్జ్ ‘ఫైట్ బ్యాక్’: ఒక పాత ప్రేక్షకురాలి రివ్యూ

‘ఫైట్ బ్యాక్’ అనే అమెరికా టీవీ షోకి నాలుగు స్టార్లు ఇస్తాను.

1985లో పెళ్లయి లాస్ ఏంజెలెస్ దగ్గర గ్లెండేల్‌లో దిగినప్పుడు నాకు తోడు టీవీ ఒక్కటే. పక్కనే బర్బ్యాంక్‌లో ఎన్‌బీసీ టీవీ స్టేషను. అందులో హోరోవిట్జ్ వినియోగదారుల రిపోర్టరు. 1973 నుంచీ అదే పని. ప్రకటనలో చూపించిన ఫీటుని స్టూడియోలో జనం ముందు మళ్లీ చేయించేవాడు. నిలబడితే నిలబడిందనేవాడు, లేకపోతే లేదనేవాడు. కాస్త నాటకం ఉండేది, కాదనను. కానీ ఒకటి గమనించాను. ఆయన దగ్గరికి ఫిర్యాదుతో వచ్చి గెలిచేవాళ్ల చేతిలో ఎప్పుడూ ఒక రసీదు ఉండేది.

ఒక స్టారు ఎందుకు కోశానంటే, కుప్పలకొద్దీ ఫిర్యాదు ఉత్తరాలొస్తే అరగంటలో ఎన్నని చదువుతాడు? మిగిలినవాళ్ల గోడు వాళ్లదే.

1987 ఆగస్టు 19న, సాయంత్రం నాలుగింటి వార్తల్లో ఒకడు వచ్చి ఆయనకి తుపాకీ గురిపెట్టి, తాను తెచ్చిన కాగితాలు చదవమన్నాడు. స్టేషనువాళ్లు ప్రసారం ఆపేశారు. ఆ సంగతి వాడికి తెలీదు. ఈయన మాత్రం ప్రేక్షకుల ఉత్తరం చదివినంత నిదానంగా చదువుతూ పోయాడు. చివరికి తేలిందేమిటంటే అది బొమ్మ తుపాకీ. ఇంకొకరైతే సెలవు పెట్టి ఇంట్లో కూర్చునేవారు. ఈయన నిజం తుపాకీలా కనబడే బొమ్మల్ని నిషేధించమని వెంటపడ్డాడు, కాలిఫోర్నియాలో చట్టం వచ్చేదాకా.

ఆ మరుసటేడు నా వంతు. శనివారం మధ్యాహ్నం ఒక కుర్రాడు తలుపు తట్టి, మా కార్పెట్ మీద గుప్పెడు మట్టి పోసి, వ్యాక్యూమ్ క్లీనర్‌తో లాగి చూపించాడు. మా ఆయన ఊళ్లో లేరు. 640 డాలర్లకి సంతకం పెట్టేశాను, సగం మొహమాటంతోనే. రాత్రి నిద్ర పట్టక కాగితాలు తిరగేస్తే అడుగున రద్దు ఫారం, రెండు ప్రతులు. ఇంటికొచ్చి అమ్మిన సరుకుని మూడు పనిదినాల్లో వద్దనుకోవచ్చని 1974 నుంచీ ఫెడరల్, అంటే అమెరికా కేంద్ర ప్రభుత్వ రూలు. సోమవారం పొద్దున్నే ఒక ప్రతి రిజిస్టర్డ్ పోస్టులో పంపాను, రెండోది డ్రాయర్లో దాచాను.

కంపెనీవాడు ఫోన్ చేసి, “వాడిన మిషను వాపసు తీసుకోలేమండీ” అన్నాడు.

“ఫారం మీరిచ్చిందే. చదివి వినిపించమంటారా?” అన్నాను. గొంతు వణికింది గానీ, హోరోవిట్జ్ లాగే నెమ్మదిగా మొదటి లైను నుంచీ చదివాను. రెండో పేరాలోనే ఫోన్ పెట్టేశాడు.

తొమ్మిదో రోజున చెక్కు వచ్చింది. మిషను కోసం మాత్రం ఎవరూ రాలేదు. 20 రోజుల్లో తీసుకెళ్లకపోతే అది నాదేనని ఆ ఫారంలోనే రాసుంది. ఇప్పటికీ మా గరాజ్‌లో ఉంది. బాగానే లాగుతుంది, పాపం.