షార్ట్‌స్టాప్ కుర్రాడికి ఏది మేలు: హైస్కూల్ నుంచే సంతకమా, కాలేజీయా?

అబ్బాయి పదకొండో క్లాసుకొచ్చి బేస్‌బాల్‌లో షార్ట్‌స్టాప్‌గా (రెండో, మూడో బేస్‌ల మధ్య నిలబడే ఫీల్డర్) బాగా ఆడుతున్నాడంటే చాలు, డల్లాస్ చుట్టుపక్కల ఉన్న మన తల్లిదండ్రులు ఒకటే అడుగుతున్నారు: డ్రాఫ్ట్‌లో (ప్రొఫెషనల్ జట్లు ఏటా కొత్త ఆటగాళ్ళను రౌండ్ల వారీగా ఎంచుకునే పద్ధతి) పేరొస్తే జట్టుతో సంతకం పెట్టించాలా, కాలేజీకి పంపాలా? విడివిడిగా చెప్పే బదులు ఒకేసారి రాస్తున్నాను. ఇది ఇన్‌ఫీల్డర్లకు (బేస్‌ల దగ్గర ఫీల్డింగ్ చేసేవాళ్ళకు) మాత్రమే. బంతి విసిరే పిచర్ల లెక్కంతా మోచేయి, భుజం చుట్టూ తిరుగుతుంది. పిచర్ కుమార్ రాకర్ ఉదాహరణ పట్టుకొచ్చేవాళ్ళకు కూడా నా జవాబు అదే.

పోలిక కోసం దూరం వెళ్ళక్కర్లేదు. 2022 నుంచి 2025 దాకా ఆర్లింగ్టన్‌లో టెక్సస్ రేంజర్స్ జట్టు ఆట చూసినవాళ్ళకు రెండు దారులూ రెండో బేస్‌కి అటొకటి ఇటొకటి కనిపించేవి. షార్ట్‌స్టాప్ కోరీ సీగర్ హైస్కూల్ అవగానే 2012లో మొదటి రౌండ్లో, 18వ ఎంపికగా డాడ్జర్స్‌కు వెళ్ళాడు. సంతకం పెట్టినందుకు బోనస్ 23.5 లక్షల డాలర్లు. 2015 సెప్టెంబరుకల్లా, 21 ఏళ్ళకే మేజర్స్‌లో (అన్నిటికన్నా పై స్థాయి లీగ్) ఉన్నాడు. రెండో బేస్ దగ్గరుండే మార్కస్ సెమియన్‌ను 2008లో హైస్కూల్ నుంచే వైట్‌సాక్స్ 34వ రౌండ్లో ఎంచుకుంది. అతను సంతకం పెట్టకుండా బర్క్‌లీ యూనివర్సిటీలో చేరాడు. మూడేళ్ళ తర్వాత అదే వైట్‌సాక్స్ అతన్ని ఆరో రౌండ్లో తీసుకుంది. 23 నిండటానికి కొద్ది రోజుల ముందు, 2013 సెప్టెంబరులో మేజర్స్‌లో అడుగుపెట్టాడు. 2023లో ఇద్దరూ కలిసి వరల్డ్ సిరీస్ గెలిచారు.

హైస్కూల్ దారికి ఉన్న అసలు బలం వయసు. మేజర్స్‌లో ఆరేళ్ళ సర్వీసు పూర్తయితేనే ఫ్రీ ఏజెన్సీ (ఏ జట్టుతోనైనా ఒప్పందం చేసుకునే స్వేచ్ఛ). తొందరగా చేరినవాడు తొందరగా ఆ గడప దాటతాడు. 2021 చలికాలంలో రేంజర్స్ ఇద్దరితోనూ ఒప్పందం చేసుకున్నప్పుడు సీగర్‌కు 27 ఏళ్ళు, సెమియన్‌కు 31. ఒకరికి పదేళ్ళకు 32.5 కోట్ల డాలర్లు, మరొకరికి ఏడేళ్ళకు 17.5 కోట్లు. ఈ తేడా అంతా వయసుదే అనను. సీగర్ బ్యాట్ బ్యాటే. కానీ వయసు వాటా చిన్నది కాదు.

ఇంత చెప్పినా నా మొగ్గు చాలామంది విషయంలో కాలేజీ వైపే. ఎందుకంటే నా దృష్టిలో తేల్చే విషయం ప్రతిభ కాదు, బోనస్ సైజు. ఎక్కువ ధర పెట్టి కొన్న గేదెకే దాణా ముందు పడుతుంది. 2008లో టాంపా బే రేస్ జట్టు మొత్తం డ్రాఫ్ట్‌లో మొదటి ఎంపికగా టిమ్ బెక్‌హమ్ అనే హైస్కూల్ షార్ట్‌స్టాప్‌ను 61.5 లక్షల డాలర్ల బోనస్‌తో తీసుకుంది. అతను మేజర్స్‌కు చేరింది 2013 సెప్టెంబరులో. అంటే ఐదేళ్ళు ఓపిక పట్టారు. పదిహేనో రౌండ్ కుర్రాడికి అందులో సగం ఓపిక కూడా దొరకడం కష్టం. పైగా 2021లో పెద్ద మార్పులొచ్చాయి. డ్రాఫ్ట్ 40 రౌండ్ల నుంచి 20కి దిగిపోయింది (2020లో ఐదే, అది కోవిడ్ ఏడాది). మేజర్స్ కింద ఉండే మైనర్ లీగ్ జట్లు 120కి తగ్గాయి. ఒక్కో మేజర్స్ సంస్థ ఉంచుకోగల మైనర్ లీగ్ ఆటగాళ్ళ పరిమితిని 2024లో 165కు కుదించారు. కొత్తవాడు వస్తే పాతవాడు వెళ్ళాల్సిందే.

ఇన్‌ఫీల్డర్‌కు ఈ ఓపిక మరీ ముఖ్యం. గ్లవ్ పని (ఫీల్డింగ్) ఆలస్యంగా పండుతుంది. సెమియన్ కాలేజీలో మూడేళ్ళు ఆడి, మేజర్స్‌కు వచ్చాక కూడా 2015లో ఓక్లాండ్ జట్టుకు షార్ట్‌స్టాప్‌గా 35 ఎర్రర్లు (ఫీల్డింగ్ తప్పులు) చేశాడు. ఆ ఏడాది కోచ్‌గా వచ్చిన రాన్ వాషింగ్టన్ రోజూ దగ్గరుండి గ్రౌండ్ బాల్స్ పట్టించి సాన పెట్టాడు. 2021కి రెండో బేస్‌లో గోల్డ్ గ్లవ్ (ఉత్తమ ఫీల్డర్ అవార్డు) వచ్చింది. చిన్న బోనస్‌తో చేరిన పద్దెనిమిదేళ్ళ కుర్రాడు సింగిల్-ఏలో (మైనర్ లీగ్‌లో ఒక కింది మెట్టు) ఆ లెక్కన తప్పులు చేస్తే? పక్కనే డొమినికన్ రిపబ్లిక్ నుంచో వెనిజులా నుంచో పదహారేళ్ళకే పెద్ద బోనస్‌తో వచ్చిన మరో షార్ట్‌స్టాప్ ఉంటాడు. ఆ చోటు అతనికిచ్చి మనవాణ్ణి మూడో బేస్‌కో బెంచీకో జరుపుతారు. కాలేజీలో స్టార్టర్ అయ్యాడంటే ప్రతి వారాంతం ఆ చోటు తనదే.

హైస్కూల్ నుంచి దూసుకెళ్ళిన బాబీ విట్ జూనియర్, జాక్సన్ హాలిడేలను చూపిస్తారు. వాళ్ళ నాన్నలు మేజర్స్‌లో ఏళ్ళ తరబడి ఆడినవాళ్ళు. ఇంట్లోనే సగం కాలేజీ అయిపోయింది. అయినా 81.9 లక్షల డాలర్ల బోనస్ తీసుకున్న హాలిడే 2024 ఏప్రిల్‌లో మేజర్స్‌కు వచ్చి, పది ఆటల్లో 34 అట్-బ్యాట్స్‌కు (బ్యాటింగ్ అవకాశాలకు) రెండే హిట్లు కొట్టి మళ్ళీ ట్రిపుల్-ఏకు (మైనర్ లీగ్‌లో పై మెట్టు) వెళ్ళాడు. జూలై చివర్లో తిరిగి పిలిచారు. అంత త్వరగా రెండో అవకాశం అందరికీ రాదు.

కాలేజీలోనూ ఇబ్బందులున్నాయి. రెగ్యులర్ సీజన్ 56 ఆటలే, అదీ మెటల్ బ్యాట్‌తో. వేసవిలో కేప్ కాడ్ లాంటి కాలేజీ కుర్రాళ్ళ లీగ్‌లో, ప్రొఫెషనల్స్ వాడే చెక్క బ్యాట్ పట్టాలి. నాలుగేళ్ళ కాలేజీలో చేరితే మూడో ఏడాది పూర్తయ్యేదాకానో, 21 ఏళ్ళు వచ్చేదాకానో డ్రాఫ్ట్ తలుపు మూసే ఉంటుంది. మూడో ఏడాది తర్వాత మంచి ఆఫర్ వస్తే వెళ్ళిపోవాలి. చదువు ముగిసేదాకా ఆగితే బేరమాడే శక్తి ఉండదు. టీసీయూలో (టెక్సస్ క్రిస్టియన్ యూనివర్సిటీ) ఐదేళ్ళున్న మ్యాట్ కార్పెంటర్ 2009లో 13వ రౌండ్లో వెయ్యి డాలర్ల బోనస్‌కు కార్డినల్స్‌లో చేరాడు. ఆల్-స్టార్ అయ్యాడు నిజమే, కానీ ఆ వెయ్యి డాలర్ల మీద ఇంటి బడ్జెట్ వేసుకోలేం.

సీగర్ ఇంట్లోనే ఇంకో జవాబుంది. కోరీ అన్న కైల్ నార్త్ కరొలినా యూనివర్సిటీలో ఆడి 2009లో మూడో రౌండ్లో మెరినర్స్‌కు ఎంపికై, రెండేళ్ళకే మేజర్స్‌లో మూడో బేస్ ఆడాడు.

జూనియర్ కాలేజీ (రెండేళ్ళ కాలేజీ)? ఏ ఏడాదైనా డ్రాఫ్ట్‌కు అర్హత ఉంటుంది. మార్కులు తక్కువగా ఉన్నవాళ్ళకు, ఇంకో ఏడాదిలో బోనస్ పెరుగుతుందని గట్టి నమ్మకం ఉన్నవాళ్ళకు సరే.

ఇక అంకెల్లో అడిగితే: మొదటి రెండు రౌండ్ల డబ్బయితే సంతకం పెట్టించండి. 11వ రౌండ్ తర్వాత వచ్చే లక్షా యాభై వేల డాలర్ల లోపు ఆఫర్లయితే వద్దనండి. పన్ను పోగా మిగిలేదానికి, 2023లో మైనర్ లీగ్ ఆటగాళ్ళతో కుదిరిన ఒప్పందం ప్రకారం సింగిల్-ఏలో ఏడాదికి అప్పట్లో పెట్టిన 26,200 డాలర్ల జీతం కలిపినా పెద్ద మొత్తమేం కాదు. పైగా సంతకం పడ్డాక కాలేజీ బేస్‌బాల్ ఆడే వీలుండదు. మధ్యలో ఉన్న రౌండ్లలో వస్తే ట్యూషన్ డబ్బు కూడా కాంట్రాక్టులో రాయించుకోండి. ఆట మానేసిన రెండేళ్ళలోపు చదువు మొదలుపెట్టాలనే గడువు అందులో ఉంటుంది, ఆ లైను ఏజెంట్‌తో చదివించుకుని మరీ సంతకం పెట్టించండి.