పోలీసు రక్షణ రిట్ కోసం వెళ్తే: ఒంగోలులో ఒక లాయరమ్మ గురించి

కులాంతర పెళ్ళి చేసుకున్న మా చెల్లికి, దాని భర్తకి పోలీసు రక్షణ కావాలని హైకోర్టులో రిట్ (అధికారులు తమ పని చేసేలా ఆదేశించమని వేసే పిటిషన్) వేయించాం. వేసింది ఒంగోలులో ఉండే ఒక లాయరమ్మ. పేరు ఇక్కడ రాయను, అవసరమున్న వాళ్ళు అడిగితే విడిగా చెబుతాను.

ఆవిడకంటే ముందు నెల్లూరులో ఒకాయన్ని కలిశాం. ‘ఆర్డరు తెస్తా, ఇంటి ముందు పోలీసులుంటారు’ అన్నాడు. ఈవిడ అలా అనలేదు. ‘మీ అర్జీ ఎస్పీ గారి దగ్గర పెండింగులో ఉంది. దాన్ని చట్టప్రకారం పరిశీలించి తేల్చమని కోర్టు చెబుతుంది. చాలా కేసుల్లో అంతవరకే. కాపలా పెట్టాలా వద్దా అన్నది మళ్ళీ పోలీసులే చూస్తారు’ అని మొదటి రోజే చెప్పింది. వినగానే మా చెల్లి మొహం వాడిపోయింది గానీ, నాకు ఆవిడ మీద నమ్మకం కుదిరింది అక్కడే.

తర్వాత అర్జీ కాపీ అడిగింది. మా దగ్గరున్న కాగితం మీద ఇన్‌వార్డ్ ముద్ర (ఆఫీసులో అందిందని వేసే స్టాంపు) లేదు, తేదీ లేదు. అధికారిని అడిగాం, ఆయన పట్టించుకోలేదు అని చూపించలేకపోతే రాజ్యాంగం 226 అధికరణం కింద రిట్ నిలబడటం కష్టమట. అర్జీ మళ్ళీ రాయించింది. ఏ నంబరు నుంచి ఫోనొచ్చింది, ఏమన్నారు, బండి మీద ఎవరు వెంటపడ్డారు, అన్నీ తేదీలతో. స్పీడ్ పోస్టులో పంపించి, రసీదు జిరాక్సు తనే ఫైల్లో పెట్టుకుంది. ఇద్దరి పదో తరగతి సర్టిఫికెట్లు, పెళ్ళి సర్టిఫికెట్ కూడా జత చేసింది.

అఫిడవిట్ రాసిన రోజు మాత్రం నేను మర్చిపోలేను. ప్రతివాదుల్లో మా నాన్న పేరు కూడా రాయమని మా మరిది అన్నాడు. లాయరమ్మ కలం ఆపి చెల్లినే అడిగింది: ‘మీ నాన్న బెదిరించాడా అమ్మా?’ లేదంది. బెదిరించింది మా బాబాయి, ఆయన కొడుకులు. నాన్న మాట్లాడటం మానేశాడు, అంతే. ‘అయితే ఆ పేరు వద్దు. జరగని మాట ప్రమాణం చేసి రాయకూడదు’ అని బాబాయి వాళ్ళవే రాసింది. రేపు మా నాన్న గుమ్మం తొక్కాల్సిన దాన్ని నేను. ఆ ఒక్క పేరు లేకపోవడం మా ఇంటికి ఎంత మేలో నాకు తెలుసు.

నేలపాడులోని హైకోర్టులో కేసు అడ్మిషన్‌లోనే, అంటే మొదటి విచారణ దశలోనే ముగిసింది. హోం శాఖ జీపీ (ప్రభుత్వ లాయరు) అభ్యంతరం చెప్పలేదు. అర్జీని గడువులోగా పరిశీలించమని ఆర్డరు. చాలామంది లాయర్లు అక్కడితో ఫీజు తీసుకుని ఊరుకుంటారు. ఈవిడ ఆర్డరు కాపీ జతచేసి ఎస్పీ ఆఫీసుకు, స్టేషనుకు లెటర్లు పంపింది. 2018లో శక్తి వాహిని కేసులో సుప్రీంకోర్టు ఇలాంటి జంటల గురించి పోలీసులకు చెప్పిన బాధ్యతలు కూడా అందులో రాసింది. అప్పటిదాకా పంచాయితీకి రమ్మని పిలిచిన స్టేషను వాళ్ళు, ఆ లెటరు అందాక వాళ్ళే వచ్చి స్టేట్‌మెంటు రాసుకున్నారు. బాబాయి కొడుకుల్ని పిలిపించి హెచ్చరించారు. బీట్ కానిస్టేబుల్ నంబరు ఇచ్చారు. గడువు దాటితే కోర్టు ధిక్కరణ పిటిషన్ వేద్దామని ఆవిడ సిద్ధంగానే ఉంది, ఆ అవసరం రాలేదు.

లోపాలూ చెప్పాలి. సాయంత్రం ఫోన్ ఎత్తదు. భయంతో ఉన్నవాళ్ళకి ఆ రెండు మూడు గంటలు నరకమే, జూనియర్ నంబరైనా ఇచ్చి ఉండాల్సింది. ఫీజు మాలాంటి కుట్టుపని వాళ్ళకి బరువే, కాకపోతే రెండు విడతల్లో తీసుకుంది, చెప్పినదానికి పైసా ఎక్కువ అడగలేదు. అదీ ఇచ్చుకోలేని ఆడవాళ్ళు 15100కి ఫోన్ చేయండి. 1987 న్యాయ సేవల చట్టం ప్రకారం ఆడవాళ్ళకి ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయర్ని పెడతారు. ఈ సంగతి మాకు చెప్పింది కూడా ఆవిడే, ఫీజు మాట్లాడకముందే.