రామోన్స్, ద క్లాష్: ఎవరి పంక్ మేలు?

1976 జులై 4న న్యూయార్క్ బృందం రామోన్స్ లండన్‌లోని రౌండ్‌హౌస్‌లో తొలిసారి వాయించింది. అదే రాత్రి షెఫీల్డ్‌లోని ఒక పబ్బులో లండన్ బృందం ద క్లాష్ తన మొట్టమొదటి కచేరీ చేసింది. పంక్ అంటే వేగంగా, మోటుగా సాగే రాక్ సంగీతం. అది వినేవాళ్లలో ఈ రెండు బృందాల్లో ఏది మేలన్న తగవు ఇప్పటికీ తెగలేదు. నా పక్షం ఏదో నాకు తెలుసు, కానీ అక్కడికి చేరడం అంత తేలిక కాలేదు.

రామోన్స్ తొలి ఆల్బమ్‌లో 14 పాటలు. అన్నీ కలిపి అరగంట కూడా లేవు. రికార్డింగుకు అయిన ఖర్చు సుమారు 6,400 డాలర్లు. జానీ రామోన్ గిటారును పైనుంచి కిందికి మాత్రమే మీటేవాడు. సోలోలు దాదాపు లేవు, విరామం లేదు. ఆ హోరు మీద గాయకుడు జోయీ పాడేది మాత్రం అరవైల నాటి తియ్యటి ప్రేమపాటల బాణీ. మోటు వాయిద్యానికీ లేత బాణీకీ కుదిరిన ఆ జత వాళ్ల సొంతం. అందరూ రామోన్ అనే ఇంటిపేరు పెట్టుకున్నారు గానీ, వాళ్లలో అన్నదమ్ములెవరూ లేరు.

క్లాష్ కూడా అదే వేగంతో మొదలైంది. అయితే 1977లో వచ్చిన తొలి ఆల్బమ్‌లోనే జమైకా గాయకుడు జూనియర్ మర్విన్ పాడిన రెగ్గే (జమైకాలో పుట్టిన సంగీతం) పాటను ఆరు నిమిషాలు వాయించింది. పంక్‌లో ఆరు నిమిషాలంటే సాహసమే. లండన్‌లోని జమైకా వలస కుటుంబాల సంగీతం వీధిలో వింటూ పెరిగిన బేస్ వాద్యకారుడు పాల్ సిమనన్ వల్ల ఆ లయ బృందంలో నిలిచింది. 1979 డిసెంబరులో వచ్చిన 'లండన్ కాలింగ్'లో రెగ్గే, దానికి ముందటి జమైకా సంగీతం స్కా, జాజ్, యాభైల నాటి తొలి రాక్ శైలి రాకబిల్లీ అన్నీ ఉన్నాయి. రెండు రికార్డులను ఒక్కదాని ధరకే అమ్మించారు. మరుసటి ఏడాది 36 పాటలతో మూడు రికార్డుల 'సాండినిస్టా!' తెచ్చారు. దాని ధర పెరగకుండా తమ రాయల్టీలో కొంత వదులుకున్నారు. అందులో తీసేయదగ్గ పాటలు చాలానే ఉన్నాయి. అయినా ఆ తెగింపంటే నాకు గౌరవం.

నిలకడ విషయంలో మాత్రం రామోన్స్‌దే పైచేయి. డ్రమ్మర్లు మారారు, బేస్ వాయించే డీ డీ వెళ్లిపోయాడు, జానీ, జోయీ ఏళ్ల తరబడి మాట్లాడుకోలేదు. అయినా 1996 వరకు 2,263 కచేరీలు చేశారు. వాళ్ల శైలి ఒక అచ్చు లాంటిది, అందులో ఎవరు కూర్చున్నా అదే మోత వచ్చేది. క్లాష్ శైలి మనుషుల్లో ఉంది. 1982లో డ్రమ్మర్ టాపర్ హెడన్‌ను, 1983లో గిటారిస్టు మిక్ జోన్స్‌ను పంపేశాక ఆ సంగీతం కూడా వాళ్లతోనే పోయింది. గాయకుడు జో స్ట్రమ్మర్, సిమనన్ కొత్తవాళ్లతో చేసిన 1985 నాటి చివరి ఆల్బమ్ వింటే బాధ కలుగుతుంది. 1986కల్లా బృందమే లేదు.

అయినా నా ఓటు క్లాష్‌కే. పదేళ్లయినా నిండని ఆ ప్రయాణంలో వాళ్లు పంక్ తలుపులు తీసి ఇతరుల సంగీతాన్ని లోపలికి పిలిచారు. 'లండన్ కాలింగ్' ఎన్నిసార్లు విన్నా ఇంతకుముందు పట్టించుకోని పాట ఒకటి దొరుకుతుంది. రామోన్స్ రికార్డుల్లో మొదటి నాలుగూ విన్నాక నాకు ఆ ఆశ్చర్యం తగ్గిపోయింది.

గిటారు కొత్తగా పట్టిన పిల్లలకు మాత్రం రామోన్స్ తొలి ఆల్బమే ఇస్తాను. జానీ వేగం అందుకోవడానికి ఏళ్లు పడుతుంది గానీ, ఒక పాట సాయంత్రానికే చేతికి వస్తుంది.