మాస్ ఇటుక, మాస్ స్టిక్, గాజు సీసా: వరంగల్ నర్సరీల సరుకులో ఏది కొనాలి

హనుమకొండ, కాజీపేట నర్సరీల్లో ‘మాస్’ (నాచు) పేరుతో నాలుగు రకాల సరుకు కనిపిస్తోంది. ఎండబెట్టి ఇటుకలా నొక్కిన స్ఫాగ్నమ్ అనే చిత్తడి నేలల నాచు, మనీ ప్లాంట్ పాకే మాస్ స్టిక్, మూతపెట్టిన గాజు సీసాలో బతికున్న నాచు, గోడకు తగిలించే పచ్చటి ఫ్రేము. పెట్టిన డబ్బుకు న్యాయం చేసేది ఇటుక ఒక్కటే. అది కూడా పండ్ల మొక్కలకు గాలి అంటు (కొమ్మ చెట్టు మీద ఉండగానే దానికి వేరు పుట్టించడం) కట్టేవాళ్లకు, ఆర్కిడ్లు పెంచేవాళ్లకు మాత్రమే. మిగతావాళ్ల పని కొబ్బరి పీచుతో అయిపోతుంది.

ముందు ఇటుక సంగతి. 150 గ్రాముల ప్యాకెట్ మీద ‘తడిపితే 12 లీటర్లు’ అని ఉంటుంది. అది వదులుగా విదిల్చి కొలిచిన లెక్క, కుండీలో కాస్త అదిమితే చాలా తగ్గుతుంది. అందుకే రెండు ప్యాకెట్ల ధర పోల్చేటప్పుడు లీటర్లు పక్కనపెట్టి, ఎండు సరుకు గ్రాముకు ఎంత పడుతోందో చూడాలి. కవర్లలో తడిగా, విడిగా అమ్మేదాని జోలికి పోవద్దు. స్ఫాగ్నమ్ తన ఎండు బరువుకు ఇరవై రెట్ల దాకా నీళ్లు పీల్చుకుంటుంది కాబట్టి అక్కడ తూకంలో కొనేది ఎక్కువ భాగం నీళ్లే. నాణ్యత పోగు పొడవులో తెలుస్తుంది. పోగులు పొడవుగా, లేత పసుపు రంగులో ఉంటే మంచి సరుకు. పుల్లలు, గడ్డి, పొడి ఎక్కువైతే తొందరగా కుళ్లి ముద్దవుతుంది. ‘పీట్ మాస్’ బస్తాను ఇదే అనుకుని తెచ్చుకునేవాళ్లూ ఉన్నారు. అది చిత్తడి నేలల అడుగున వేల ఏళ్లు మగ్గిన ముదురు గోధుమ రంగు పొడి, అంటు కట్టడానికి పనికిరాదు.

వాడకంలో అందరూ తప్పేది నీళ్ల దగ్గర. స్ఫాగ్నమ్ ఆకుల్లో సగానికి పైగా చోటు చనిపోయిన ఖాళీ కణాలదే. వాటికి ఉండే రంధ్రాల గుండా నీరు చేరి నిలుస్తుంది, మొక్క ఎండినా ఆ గుణం పోదు. దీనికి ఇంకో గుణం కూడా ఉంది: నీటిలోని కాల్షియాన్ని పట్టుకుని ఆమ్లాన్ని వదులుతుంది. మన బోరు నీళ్లలో సున్నం ఎక్కువ. వాటితో రోజూ తడిపితే కొన్ని నెలల్లో పైన తెల్లటి పొర కట్టి, ఆ ఆమ్ల గుణం పోయి, మాస్ గోధుమ రంగుకు తిరుగుతుంది. వాన నీళ్లు గానీ ఏసీ నుంచి కారే నీళ్లు గానీ పట్టి పెట్టుకోవాలి, లేదంటే ఆర్వో నీళ్లు. 30 గ్రాముల ముక్కకు 600 మిల్లీలీటర్లు పోసి అరగంట వదిలితే విచ్చుకుంటుంది. తర్వాత పిండితే రెండు మూడు చుక్కలు రాలాలి, ధార కారకూడదు.

ఎండు ఇటుకను విరిచేటప్పుడు చేతులకు గ్లోవ్స్, ముక్కుకు గుడ్డ తప్పనిసరి. స్పోరోట్రైకోసిస్ అనే చర్మవ్యాధి కలిగించే బూజు ఇందులో ఉండొచ్చు. అమెరికాలో 1988లో స్ఫాగ్నమ్ ముట్టుకున్నవాళ్లలో, 15 రాష్ట్రాల్లో కలిపి 84 మందికి అది సోకింది. చేతి మీద గీరుకున్న గాయం, ముల్లు గుచ్చుకున్న చోటు ఉంటే ఆ పని వేరేవాళ్లకు అప్పగించండి.

గాలి అంటు, అంటే గూటీ, మృగశిర కార్తె దాటి వానలు పడ్డాక కట్టాలి. జామ, నిమ్మ, దానిమ్మలో పెన్సిల్ లావున్న ఏడాది కొమ్మ తీసుకుని, రెండున్నర నుంచి మూడు సెంటీమీటర్ల మేర బెరడును ఉంగరంలా ఒలవాలి. లోపల జిగురుగా తగిలే పొరను కత్తి వెనకవైపుతో పూర్తిగా గీకెయ్యాలి. అది కాస్త మిగిలినా బెరడు మళ్లీ అతుక్కుంటుంది, వేరు రాదు. అంటు తప్పినవాళ్లు మాస్‌ను తిడతారు గానీ అసలు లోపం ఎక్కువసార్లు ఇక్కడే ఉంటుంది. ఆకుల్లో తయారైన ఆహారం కిందికి దిగుతూ కోత పై అంచు దగ్గర ఆగిపోతుంది, వేర్లు అక్కడే పుడతాయి. కాబట్టి వేర్ల పొడి (వేరు పుట్టించే హార్మోన్ పొడి) పై అంచుకే రాయాలి. ఒక్కో అంటుకు ఎండు లెక్కన 10 గ్రాములు చాలు, అంటే ఒక ఇటుకతో పదిహేను అంటులు కట్టొచ్చు. పిండిన మాస్ గుప్పెడు చుట్టి, పైన లోపల కనిపించే పారదర్శక పాలిథిన్ వేసి, రెండు చివరలా సుతిలితో బిగించాలి. పై ముడి వదులైతే వాన నీరు దిగి లోపల కుళ్లుతుంది, కింది ముడి వదులైతే తేమ ఆరిపోతుంది. ఎండ తగిలే కొమ్మైతే పైన న్యూస్ పేపర్ చుట్టండి. నాలుగు నుంచి ఎనిమిది వారాల్లో పాలిథిన్ లోంచి వేర్లు కనిపిస్తాయి. తెల్లగా ఉన్నప్పుడు తొందరపడొద్దు, కాస్త గోధుమ రంగుకు తిరిగాక కోయాలి. నాటేటప్పుడు వేర్లకు చుట్టుకున్న మాస్ లాగెయ్యకుండా అలాగే మట్టిలో పెట్టాలి.

ఇంత మంచి సరుకును పొదుపుగా ఎందుకు వాడాలంటే, అది వచ్చే చోటు అలాంటిది. ప్యాకెట్ వెనక ఏ దేశం సరుకో చూడండి. న్యూజిలాండ్ దక్షిణ దీవి పడమటి తీరం ఒక మూలం, చిలీ ఇంకొకటి. చిలీలోని చిలోయే దీవిలో కరిగి నీరిచ్చే మంచు కొండలు లేవు. పడిన వానను స్ఫాగ్నమ్ చిత్తడులు పట్టి ఉంచి ఎండాకాలంలో మెల్లగా వదులుతాయి. మాస్‌ను మొదలంటా పీకేస్తే ఆ నీటి నిల్వ పోతుంది. కోసిన చోట మళ్లీ ఎదగడానికి ఏళ్లకేళ్లు పడుతుంది. అడుగున పీట్ పేరుకునేది ఏడాదికి సుమారు ఒక మిల్లీమీటరే. చిలీ 2024లో చట్టం చేసి పీట్ తవ్వకాన్ని నిషేధించింది, పైపైన మాస్ కోతను మాత్రం ప్రణాళిక ఉన్నచోటే అనుమతించింది. దేశం పేరు, దిగుమతిదారు పేరు లేని ప్యాకెట్ కొనకపోవడమే మంచిది. వాడిన మాస్‌ను పారేయకండి. మరిగే నీళ్లు పోసి చల్లార్చి పిండితే ఆర్కిడ్ కుండీకి ఇంకో విడత పనికొస్తుంది.

మాస్ స్టిక్‌లో మాస్ ఉండదు. పీవీసీ గొట్టానికి చుట్టిన కొబ్బరి తాడు అది. దాన్ని మోసం అనలేం, పైగా మనీ ప్లాంట్‌కు మన దగ్గర కొబ్బరి పీచే సరైనది. చిక్కేమిటంటే తాడు పొర పలుచన, లోపల ప్లాస్టిక్. పోసిన నీరు జారిపోతుంది, మే నెలలో పూట గడవకముందే ఎండుతుంది, గాలి వేర్లు పట్టుకోవడానికి చోటుండదు. ప్లాస్టిక్ జాలీని గొట్టంలా చుట్టి, అందులో విడి కొబ్బరి పీచు కూరితే ఇంతకంటే మేలు. పీచును ముందు రెండు మూడు సార్లు నీళ్లు మార్చి కడగాలి, లేకపోతే అందులోని ఉప్పుకు వేరు కొసలు మాడతాయి. మూతకు సన్నటి రంధ్రం చేసిన నీళ్ల సీసాను ఆ గొట్టం పైన బోర్లిస్తే తేమ ఆగకుండా దిగుతుంది.

గాజు సీసా నాచును వరంగల్‌లో మేం సిఫారసు చేయం. చాలా నాచులకు 15 నుంచి 25 డిగ్రీలు హాయి. నాచు ఎండిపోయి నిద్రాణంగా ఉంటే వేడిని తట్టుకుంటుంది. తడిగా ఉండి వేడెక్కితే మాత్రం తయారుచేసుకునే ఆహారం కన్నా ఖర్చు పెట్టుకునేది ఎక్కువై చచ్చిపోతుంది. మూత బిగించిన సీసాలో రోహిణి కార్తెలో జరిగేది అదే. రోజంతా ఏసీ నడిచే గదైతే ప్రయత్నించొచ్చు: అడుగున రెండు సెంటీమీటర్ల గులకరాళ్లు, పైన జాలీ, కొంచెం బొగ్గు, ఆపైన మట్టి. నేరుగా ఎండ తగలకూడదు. గాజు మీద తేమ పొద్దున మాత్రమే పట్టి మధ్యాహ్నానికి విడిపోవాలి.

ఫ్రేము గురించి రెండు మాటలు చాలు. అందులో ఎక్కువగా వాడేది రెయిన్‌డీర్ మాస్. అది నాచే కాదు, లైకెన్, అంటే బూజు లాంటి శిలీంధ్రం, శైవలం కలిసి బతికే జీవి. గ్లిజరిన్ పట్టించిన చచ్చిన సరుకు కాబట్టి ‘ఆక్సిజన్ ఇస్తుంది’ అనే మాట అబద్ధం. నీళ్లు చల్లొద్దు. వానాకాలంలో చేతికి జిగటగా తగిలి, గోడకు రంగు అంటుతుంది.

బతికున్న నాచే కావాలంటే ఖిలా వరంగల్ రాళ్ల మీద గీకొద్దు, పాఖాల, ఏటూరునాగారం అభయారణ్యాల్లోంచి తేవొద్దు. మొదటిదానికి 1958 నాటి పురాతన కట్టడాల చట్టం, రెండోదానికి 1972 నాటి వన్యప్రాణి చట్టం అడ్డొస్తాయి. సొంత ఇంటి పిట్టగోడ మీద జులైలో మొలిచే పొట్టి నాచులో ఎక్కువగా కనిపించేది హయోఫిలా. దానికి సున్నమంటే ఇష్టం, కాబట్టి బోరు నీళ్లతోనూ బతుకుతుంది. రూపాయి బిళ్లంత ముక్కను సిమెంటు మట్టితో సహా లేపి, పాత పెంకు మీద తడి మట్టి పూసి అదమండి. నీడలో పెట్టి, జనవరి దాకా రోజూ పొద్దున తడపండి. ఫిబ్రవరి నుంచి నీళ్లు పూర్తిగా మానెయ్యాలి. ఆకులు ముడుచుకుని నల్లబడతాయి. చచ్చిందని పారేయొద్దు, జూన్‌లో తడి తగిలిన కొద్ది నిమిషాల్లోనే విప్పుకుంటుంది.